ఒక్క తువ్వాలు

"తువ్వాలు మర్చిపోయావ్, కోడలా" అంది అత్తయ్య.

భుజాన తువ్వాలు, ఒక చేతిలో చెంబు, ఇంకో చేతిలో పళ్లెం. భోజనాలకు దస్తర్‌ఖాన్ గుడ్డ పరిచాక చుట్టూ కూర్చున్నవాళ్ల చేతుల మీద గోరువెచ్చని నీళ్లు పోయడం మా ఇళ్లలో కొత్తకోడలి పని. అందరూ ఆ ఒక్క తువ్వాలుకే తుడుచుకుంటారు. నా చేతుల మీద ఎవరూ పోయరు. నేను గౌను అంచుకు తుడుచుకుంటాను.

పెళ్లైన కొత్తలో ఈ పనంటే నాకు భలే ఇష్టం. ఆయన వంతు వచ్చినప్పుడు నీళ్ల చాటున నా వేలిని తాకేవారు. ఆ ఒక్క తాకిడి కోసం తెల్లారకముందే వాకిలి ఊడ్చి, తందూర్‌లో రొట్టెలు కాల్చి, ఒంగి ఒంగి అందరికీ సలాములు పెట్టేదాన్ని. నడుం పట్టేసినా నవ్వొచ్చేది. ఇప్పుడూ వస్తుంది, కాస్త ఆలస్యంగా.

మా ఆయన ఎల్మురోద్, కురాష్ అనే కుస్తీ పడతారు. అక్కడ ఒకరి చొక్కా ఒకరు తొడుక్కుంటారు. తొడ మీద సెగగడ్డ అక్కణ్ణుంచే వచ్చింది. దుకాణంలో ఏవో మాత్రలు కొనుక్కుని, నొప్పి తగ్గగానే మానేశారు. గడ్డ మళ్లీ లేచింది. ఈసారి అత్తయ్య మోచేతి మీద కూడా.

"నీ పెళ్లాం అడుగుపెట్టాకే ఇంట్లో ఈ చీము" అంది ఆవిడ, నాకు వినపడేలా.

"చదువుకున్న పిల్ల కదమ్మా, దిష్టిని కూడా చదివించి తెచ్చుంటుంది" అన్నారాయన. ఇద్దరూ నవ్వారు. చీము అంటిన ఆ చొక్కాలు ఉతుకుతున్నది నేను.

చివరికి ఆస్పత్రికి వెళ్తే, డాక్టరమ్మ చీము పరీక్ష చేయించి చెప్పింది. "ఇది మామూలు మందులకు లొంగే రకం కాదు. ఇచ్చిన మందు చివరిదాకా వాడాలి. పుండు కప్పి ఉంచాలి. ఇంట్లో అందరూ సబ్బుతో చేతులు కడగాలి, ఎవరి తువ్వాలు వాళ్లదే. పసిబిడ్డలుంటే మరీ జాగ్రత్త."

మా తోడికోడలు అజీజా పురిటి ఆస్పత్రి నుంచి బిడ్డతో వచ్చేది మర్నాడే.

"తుడుచుకునే గుడ్డలో వాటాలా?" అంది అత్తయ్య. "మనమేమన్నా సత్రంలో ఉన్నామా?"

ఆయన వైపు చూశాను. ఆయన టీ గిన్నెలోకి చూశారు. "అమ్మ చెప్పినట్టే కానీలే, మోహిగుల్."

నా సారె పెట్టెలో మా అమ్మ దానిమ్మ పువ్వులు కుట్టిన పెద్ద తువ్వాలు ఉంది. అతిథుల కోసమని అత్తయ్య దాచింది. తీసి కత్తెర వేశాను. ఎంత తీయగా తెగిందో. ఒక్కో ముక్క అంచుకు ఒక్కో రంగు దారం కుడుతుంటే చాలా రోజులకు పాట వచ్చింది నోట్లోకి.

మర్నాడు బిడ్డను చూడగానే అత్తయ్య చేతులు చాచింది. నేను చెంబుతో, సబ్బుతో ఎదురు నిలబడ్డాను.

"సారె తువ్వాలు కోశావా?"

"కోశానత్తయ్యా. ఎర్ర అంచుది మీది."

ఆవిడ అజీజా వైపు తిరిగింది. అజీజా బిడ్డను ఇంకాస్త దగ్గరకు పొదువుకుంది. "కడుక్కోండి అత్తయ్యా. ఆ మోచెయ్యి కూడా కప్పుకోండి. వీడెక్కడికీ పోడు."

ఆవిడ గౌను చెయ్యి మోచేతి మీదికి లాక్కుంది. తర్వాత నీళ్ల కింద చేతులు పట్టింది. చివర్లో ఆయన వచ్చారు. అలవాటుగా నా వేలు తాకారు. తాకనిచ్చాను. ఆయన చేతులు తుడుచుకున్నాక చెంబు ఆ చేతుల్లోనే పెట్టి, నా పసుపు అంచు తువ్వాలు భుజాన వేసుకున్నాను.

"ఇక నా చేతుల మీద మీరు పొయ్యండి."