తీర్పు నీది, అచ్చులు నావి

కోర్టు వరండాలో బల్ల మీద కూర్చోమని లాయరమ్మ ఎన్నిసార్లు చెప్పినా అచ్చులక్క వినలేదు. కాలుగాలిన పిల్లిలా ఈ గోడ నుంచి ఆ గోడకు తిరుగుతూనే ఉంది.

ఫౌండ్రీలో అందరూ ఆమెను అలాగే పిలుస్తారు. నీటి పంపుల భాగాలు పోతపోసే ఆ ఫౌండ్రీ తండ్రి పెట్టింది. ఆయన చెక్కతో చేసిన ఆరు అచ్చులే దానికి ప్రాణం. అచ్చును ఇసుకలో ఒత్తి తీసేస్తే, మిగిలిన గుంటలో కరిగిన ఇనుము పోస్తారు. సరిహద్దు అవతల సొంత ఫౌండ్రీ నడుపుతున్న మేనత్త కొడుకు "కలిసి వ్యాపారం చేద్దాం" అంటే, నమ్మి ఆ ఆరూ పంపింది. పొత్తు చెడింది. అచ్చులు మాత్రం తిరిగి రాలేదు.

ఒప్పందంలో రాసుకున్న ప్రకారం తగువు మూడో దేశంలో మధ్యవర్తుల ముందుకు వెళ్లింది. అచ్చులు తిరిగి ఇచ్చేయాలనీ, వాటితో ఇక పోత పోయకూడదనీ వాళ్లు తీర్పు చెప్పారు. ఆమె సంబరంగా బావకు ఫోన్ చేసింది.

"తీర్పు నీ దగ్గరుంది, అచ్చులు నా దగ్గరున్నాయి. ఎవరివి వాళ్లం ఉంచుకుందాం," అన్నాడాయన తాపీగా.

బావ ఉన్నచోట ఆ తీర్పు చెల్లాలంటే అక్కడి కోర్టు ఒప్పుకోవాలి. అందుకే ఇంత దూరం వచ్చింది.

లోపల బావ తరఫు లాయరు లేచాడు. "మధ్యవర్తులు పంపిన నోటీసే మాకు అందలేదండీ."

"నోటీసు అందుకున్నాకే రెండుసార్లు వాయిదా అడిగారండీ," అంది లాయరమ్మ.

జడ్జి కళ్లజోడు పైనుంచి చూశాడు. "అందని నోటీసుకి వాయిదా ఎలా అడిగారు?"

లాయరు మాట మార్చాడు. "పోనీ, అసలు ఆ తీర్పే తప్పండీ..."

"తప్పో ఒప్పో తేల్చడానికి నేను లేనిక్కడ. మీ మాట చెప్పుకోనిచ్చారా లేదా అన్నదే నేను చూడాలి. చెప్పుకోనిచ్చారు."

తీర్పును అమలు చేయమని ఉత్తర్వు వచ్చింది.

"గెలిచాం!" అంది లాయరమ్మ.

"గెలవడం మధ్యవర్తుల దగ్గరే గెలిచాం కదమ్మా. అచ్చులు కళ్లబడనీ."

ఉత్తర్వులు అమలు చేసే కోర్టు అమీనాతో కలిసి జీపెక్కారు. ప్రతి సిగ్నల్ దగ్గరా ఆమె మనసు కీడే శంకించింది. బావకి ఈపాటికి కబురు అంది ఉంటుంది. రంపం తీసి ఉంటాడా? నిప్పు పెట్టి ఉంటాడా?

"కాస్త తొందరగా పోనీయండి బాబూ."

"ఎగరమంటారా అమ్మా?" అన్నాడు అమీనా స్టీరింగు వదలకుండా.

ఫౌండ్రీ గుమ్మంలోనే ఎదురైన బావ, ఉత్తర్వు చదివి మొహం గంటు పెట్టుకున్నాడు. వెనక కొలిమిలో ఇనుము కుతకుతలాడుతోంది. ఇసుక పెట్టెలు పోతకి సిద్ధంగా ఉన్నాయి.

"ఇక చుక్క పోయడానికి వీల్లేదు," అన్నాడు అమీనా. పనివాళ్లు గరిటెలు పట్టుకుని బిక్కచచ్చి నిలబడ్డారు.

అచ్చులక్క ఒక అడుగు ముందుకేసింది. కరిగిన ఇనుము అలాగే గడ్డకడితే కొలిమి ఎందుకూ పనికిరాదు. అలాంటి కొలిమిని ఒకసారి చూసింది, పగవాడికి కూడా వద్దనుకుంది.

"ఈ ఒక్క పోతా కానివ్వండి. నేనొప్పుకుంటున్నాను."

అమీనా ఆమె చేత సంతకం పెట్టించుకున్నాకే పక్కకు తప్పుకున్నాడు.

"నా మీద జాలా?" అన్నాడు బావ.

"నీ మీద కాదు బావా, కొలిమి మీద."

పోత ముగిసింది. పనివాళ్లు అచ్చులు తెచ్చి వరుసగా పెట్టారు. ఐదే ఉన్నాయి. అన్నిట్లోకీ పెద్దది లేదు.

"అది విరిగిపోయింది. పొయ్యిలో పెట్టేశాం," అన్నాడు బావ ఎటో చూస్తూ.

ఆమె ముఖంలో కత్తివాటుకు నెత్తుటి చుక్క లేదు. మళ్లీ పిటిషను వేద్దామని లాయరమ్మ ఏదో చెబుతోంది గానీ ఒక్క ముక్కా చెవికెక్కలేదు.

గొడవ విని పక్కింట్లోంచి బావ భార్య వచ్చింది. "పొయ్యిలో పెట్టడమేంటి? మా మంచం కింద ఉంటేనూ!"

"నువ్వు లోపలికి పో," అని కసిరాడు బావ.

"పోను. అది ఇంట్లోకొచ్చిన దగ్గర్నుంచీ ఈయనకి కునుకు లేదు, నన్ను కన్ను మూయనివ్వడు. లేచి దాన్ని తడుముకోవడం, మళ్లీ పడుకోవడం! తీసుకుపో చెల్లీ, నీకు పుణ్యముంటుంది."

ఇద్దరు మనుషులు వెళ్లి దాన్ని మోసుకొచ్చారు. పాత దుప్పటి చుట్టి ఉంది. విప్పి చూస్తే ఎక్కడా చిన్న గీటు కూడా లేదు. తన తండ్రి పట్టించినట్టే నూనె పట్టించి ఉంది, నిగనిగలాడుతోంది. అచ్చులక్క తిట్టబోయి, ఆ నూనె మీద వేలు రాసి చూసింది. బావ పని నేర్చుకున్నది తన తండ్రి దగ్గరేనన్న సంగతి ఇన్నాళ్లూ ఏ కాగితంలోనూ రాయలేదు, తనకూ గుర్తు రాలేదు.

అచ్చుల కోసం మాట్లాడిన లారీ కదలబోతుంటే బావ దగ్గరికొచ్చాడు.

"మామయ్య చేతిపని అది. ఎండ తగలనీయకు, నెర్రెలిస్తుంది."

"తెలుసు," అంది ముభావంగా.

మొదటి మలుపులోనే లారీ ఆపించి, ఎండ పడుతున్న వైపు పట్టా కిందికి లాగి కట్టింది. మళ్లీ ఎక్కి కూర్చుంది. పెద్ద అచ్చును ఒకసారి తడిమి చూసుకోవాలని, కాసేపటికే మరోసారి ఆపమంది.