బుట్టలో పడ్డ ముఖాలు

కత్తెరాయన ఫిల్ము ముక్కను పెదవుల మధ్య అదిమి మెల్లగా లాగాడు. పెదవికి అంటుకున్నది బొమ్మ ఉన్న వైపు, జారిపోయింది ఉత్త వీపు. ఏళ్ళ తరబడి చేసిన ఆ పరీక్షతోనే ఆయన పెదవులు మొద్దుబారిపోయాయి. "ఆ రీళ్ళకు పెట్టినన్ని ముద్దులు నాకు పెట్టుంటే ఈపాటికి అరిగిపోయేదాన్ని" అని భార్య ఎగతాళి చేసేది.

ప్రకటనల కంపెనీలో ఆయన పని ముఖాలు శుభ్రం చేయడం. సబ్బు ప్రకటనలో కనిపించే సబ్బావిడ నవ్వకముందు కాస్త, నవ్వు దిగాక కాస్త కత్తిరించి బుట్టలో పారేయాలి. మిగిలిన నవ్వు ఊరి మీద పడుతుంది. అలాంటివి చూసి జనం కాలు పెట్టే చోటు లేని ఇంట్లోకి కూడా ఫ్రిజ్జు కొనుక్కొస్తారు. బుట్టలోవి మాత్రం ఆయన ఏరి దాచుకున్నాడు. అలసిన కళ్ళు, బిగిసిన దవడలు, 'ఇక చాలా?' అన్నట్టు పక్కకు చూసే చూపులు. వాటన్నిటినీ అతికించి, ఆ ప్రకటనల పాటలే వెనక పెట్టి సినిమా చేస్తున్నాడు.

ఇక కంపెనీలో అంతా కంప్యూటర్లేనట. సాయంత్రం పాతసామాన్లవాడు వచ్చి, ఫిల్ము అతికించి ఆడించి చూసుకునే బల్ల పట్టుకుపోతాడని మేనేజరు చెప్పాడు. ఈలోగా సినిమా పూర్తవ్వాలి, భార్య చూడాలి. అవుతుందనడంలో ఆయనకు అనుమానమే లేదు. పొద్దుటి నుంచి ఎడమచెయ్యి బరువుగా ఉంది. కత్తెరకు కుడిచెయ్యి చాలనుకున్నాడు.

మధ్యాహ్నం అన్నం తెచ్చిన భార్యను స్టూలు మీద కూర్చోబెట్టి బల్ల మీద రీలు తిప్పాడు. చిన్న తెర మీద బిస్కెట్ల పాట హుషారుగా సాగుతోంది, ఒక్క ముఖమూ నవ్వడం లేదు. ఆమె మొదట పకపకా నవ్వింది. కాసేపటికి అరచెయ్యి నోటికి అడ్డం పెట్టుకుంది.

"వీళ్ళను ఎవరో నవ్వమని పీడిస్తున్నారండీ. మన పెళ్ళి ఫొటోలో నా మొహం కూడా ఇంతే."

"నీకు తెలిసింది కదా, చాలు. ఇంకొక్క ముక్క అతికిస్తే అయిపోయిందే."

ఆ ముక్క కొక్కేనికి వేలాడుతోంది. కెమెరా ఆగిందనుకుని సబ్బావిడ తనకోసం తాను నవ్వుకున్న నవ్వు. దాన్ని అందుకోబోయి ఆయన బల్ల మీద తల వాల్చాడు. అతుకు సరిచూసుకుంటున్నాడనుకుని, ఆమె గిన్నెలు విప్పుతూ రెండుసార్లు పిలిచింది. దగ్గరికెళ్ళి ఆయన ముక్కు దగ్గర వేలు పెట్టి చూసింది. మూడోసారి పిలవలేదు.

ఎవరినీ కేకేయకుండా కాసేపు ఆయన భుజం మీద చెయ్యేసి కూర్చుంది. తర్వాత లేచి కొక్కెం మీది ముక్క తీసి, పెదవుల మధ్య పెట్టి చూసుకుని, జిగురు రాసి అతికించింది. అప్పుడు వెళ్ళి మేనేజరును పిలిచింది.

సాయంత్రం బల్ల వెళ్ళిపోయింది. ఆమె ఒళ్ళో రీలు మిగిలింది, చివర వంకరగా పడ్డ అతుకుతో, జిగురు వాసన ఇంకా పోని సబ్బావిడ నవ్వుతో.