ఏర్పాట్లన్నీ చేసి వెళ్ళు

“ట్రామ్ దిగగానే ఎడమకి తిరగండి. మందుల షాపు వస్తుంది. దాని పక్క సందులోనే పిల్లల డాక్టరు. మెట్లెక్కక్కర్లేదు, కిందే. కంగారు పడకండి, జ్వరమేగా” అంటోంది ఆమె, భుజానికీ చెవికీ మధ్య ఫోను ఇరికించుకుని, భర్త చొక్కా కాలరు మీద ఇస్త్రీపెట్టె నడిపిస్తూ. అవతల మాట్లాడుతున్నది వారం కిందట పరాయి దేశంలో దిగిన ఒక ఉద్యోగి భార్య. చంకలో పిల్లాడు, చేతిలో సంచి, చుట్టూ తెలియని భాష. ఆ అమ్మాయి గొంతులో వణుకు తగ్గేదాకా ఆమె ఫోను పెట్టలేదు.

“ఎవరి పిల్లాడికో జ్వరమొస్తే నా చొక్కా మాడుతోందిక్కడ” అన్నాడు భర్త, గుమ్మంలో నిలబడి. కోపంగా కాదు. ఆయనకి కోపం రాదు. ఏదన్నా నవ్వుతూనే అంటాడు. కోప్పడే మనిషితో పోట్లాడవచ్చు. నవ్వే మనిషితో ఏం చెయ్యాలో పదిహేనేళ్ళుగా ఆమెకు తెలియలేదు. తనూ ఒక నవ్వు నవ్వి చొక్కా తిరగేసింది. మాడలేదు.

“ఆ అమ్మాయి కాలు ఒకచోట నిలవదురా” అంది హాల్లోంచి అత్తగారు. అదీ నిజమే. ఫోను మాట్లాడినా నడుస్తూనే మాట్లాడుతుంది, కాఫీ తాగినా నిలబడే తాగుతుంది. ఈ మధ్య కూర్చుంటే చాలు, ఎక్కడికో బయల్దేరాల్సిన టైమైపోయినట్టు అరికాళ్ళు గుంజుతున్నాయి. ఎక్కడికో మాత్రం తెలియడం లేదు.

ఆమె కంపెనీ కరెంటు బస్సులకు చార్జింగు డిపోలు కట్టిపెడుతుంది. పొగ లేని బస్సులు కావాలని ఊళ్ళన్నీ పోటీ పడుతున్నాయి గనక, ఇంజనీర్లు ఒక దేశం నుంచి ఇంకో దేశానికి వెళ్తూనే ఉంటారు. వాళ్ళకి వీసా, ఇల్లు, పిల్లలకు బడి, భార్యలకు ధైర్యం, అన్నీ చూసేది ఆమె. ఆఫీసులో అందరూ ‘ప్రయాణాల మేడం’ అంటారు.

ఆ రోజు పెద్దసారు ఆమెను గదిలోకి పిలిచి తలుపు వేయమన్నాడు.

“కొత్త డిపోకి పంపుతున్న ఇంజనీరు సంగతి. ఆయన రెడీ. భార్య రానంటోందట.”

“రాకపోతే ఆయనొక్కడే వెళ్తాడు కదా సార్.”

“ఒక్కడే వెళ్ళినవాడు నిలవడమ్మా. తిండి కుదరక, మొహం వేలాడేసుకుని తిరిగొచ్చేస్తాడు. ఎంతమందిని చూడలేదు మనం! ఆ డిపోలో రెండొందల బస్సులు కదలాలంటే ముందు ఆవిడ గరిటె కదలాలి.” తన మాటకు తనే నవ్వుకున్నాడు. “మీరూ ఆడవారే. వెళ్ళి మెల్లిగా నచ్చజెప్పండి. మీ మాటలో ఏదో ఉంది.”

ఆ ఏదో ఉందన్న సంగతి ఇలాంటి పనులప్పుడే ఆయనకు గుర్తొస్తుంది. ప్రమోషన్లప్పుడు ఎన్నడూ రాలేదు. ఆమె సరే సార్ అంది.

ఇంజనీరు భార్య, ఊరి ఈతకొలనులో ఆడపిల్లలకు ఈత నేర్పే టీచరు. ఇంటికి కాదు, కొలను దగ్గరికే రమ్మంది. ఆమె వెళ్ళేసరికి క్లాసు ఇంకా నడుస్తోంది. క్లోరిన్ వాసన గుప్పుమంటోంది. తడి గచ్చు మీద జారతానేమోనని చెప్పులు చేత్తో పట్టుకుని, గోడవారగా ఉన్న బల్ల అంచున కూర్చుంది. ఒక పిల్ల గట్టు పట్టుకుని వదలనంటూ ఏడుస్తోంది. టీచరు నడుంలోతు నీళ్ళలో నిలబడి, ఊరుకోమనీ అనలేదు, భయం లేదనీ అనలేదు. ఆ పిల్ల వీపు కింద అరచెయ్యి ఆనించి కబుర్లు చెప్తూ నిలబడింది. చెప్తూ చెప్తూనే చెయ్యి తీసేసింది. పిల్ల కప్పుకేసి చూస్తూ తేలుతూనే ఉంది.

క్లాసయ్యాక టీచరు తువ్వాలు కప్పుకుని వచ్చి పక్కన కూర్చుంది. ఆమె తన మామూలు మాటలు మొదలుపెట్టింది. అక్కడ మనవాళ్ళు చాలామందే ఉన్నారు. ఆడవాళ్ళకి భాష క్లాసులున్నాయి. శనివారాలు అందరూ పార్కులో కలుస్తారు. “మీకిచ్చే ఇల్లు నది పక్కనే. ఆ ఒడ్డునే ట్రామ్ వెళ్తుంది. సాయంత్రం కిటికీ పక్కన కూర్చుంటే నీళ్ళ మీద ఎండ చూస్తూ ఎంతదూరం పోయినా తెలియదు.”

టీచరు శ్రద్ధగా వింది. “బాగుందండీ. అక్కడ నేను ఈత నేర్పచ్చా?”

“అదీ… భర్తతో వెళ్ళినవాళ్ళకి ఉద్యోగం చేసే వీలుండదు.”

“పోనీ, ఊరికే నేర్పితే?”

“ఊరికే అయినా ఒప్పుకోరు.”

“మరి రోజంతా ఏం చేస్తాను?”

ఆమె దగ్గర జవాబుంది. ఎంతోమందికి చెప్పిన జవాబే. పార్కు, బజారు, భాష క్లాసు. అవన్నీ ఇందాకే చెప్పేసింది.

“మా ఆయన మంచివాడండీ” అంది టీచరు, జుట్టు పిండుకుంటూ. “వెళ్ళద్దని నేననలేదు. రానన్నాను, అంతే. అసలు వస్తావా అని నన్నెవరూ అడగలేదు తెలుసా? ఎప్పుడు బయల్దేరతావని అడిగారు.” మాట మార్చడానికన్నట్టు, “మీరు ఆ ఊళ్ళో ఎన్నాళ్ళున్నారు?” అంది.

“నేనా? నేను వెళ్ళలేదండీ.”

“మరి ఏయే దేశాలు తిరిగారు?”

“ఏదీ లేదు.”

“అయ్యో రామా! కిటికీ పక్కన కూర్చుని వచ్చినట్టే చెప్పారే!”

టీచరు నవ్వింది. అందులో ఎత్తిపొడుపేమీ లేదు, చిన్నపిల్లలా ఆశ్చర్యపోయి నవ్వింది. ఆమెకూ నవ్వొచ్చింది. ఇద్దరూ కళ్ళు తుడుచుకునేంతగా నవ్వారు. నవ్వడం ముందు ఆపింది ఆమే.

ఇంటికెళ్ళే బస్సులో సీటు ఖాళీగా ఉన్నా ఆమె కూర్చోలేదు. కడ్డీ పట్టుకుని నిలబడి ఆలోచిస్తూనే ఉంది. తన ప్రయాణాలేమిటి? ఇంటి నుంచి పాప బడి, అక్కడి నుంచి ఆఫీసు, ఆఫీసు నుంచి కూరగాయలు, అక్కడి నుంచి అత్తయ్య మందులు, మళ్ళీ ఇల్లు. భర్త ప్రయాణం గీత గీసినట్టు ఉంటుంది, కారెక్కి ఆఫీసుకి, కారెక్కి ఇంటికి. తనది ముడులు పడ్డ దారం. ఒకసారి కంపెనీ వాళ్ళు తననీ పిలిచారు, మూడు వారాల ట్రైనింగుకి. ఆ సంగతి ఇంట్లో చెప్తే ఆయన నవ్వుతూ, “వెళ్ళు వెళ్ళు, నువ్వొచ్చేసరికి మేం బతికుంటే కనబడతాం” అన్నాడు. అత్తయ్య నవ్వింది. పాప అప్పుడు చిన్నది, ఏమీ అర్థం కాకపోయినా నవ్వింది. తనూ నవ్వింది. మర్నాడు ఆఫీసులో వీలుకాదని చెప్పేసింది. వద్దన్నదెవరు? ఎవరూ అనలేదు. ఆ మాటే అప్పట్నుంచీ ముల్లులా గుచ్చుతోంది. ఎవరైనా వద్దని ఉంటే బావుండేది, కనీసం వాళ్ళ మీద కోపం తెచ్చుకునేది. తను దిగాల్సిన స్టాపు దాటిపోయిందని ఆమె చాలాసేపటికి గానీ చూసుకోలేదు. వెనక్కి నడుస్తూ, కూరగాయలు కొనకుండానే ఇంటికి చేరింది.

మర్నాడు పెద్దసారుతో, “ఆవిడ రారు సార్. ఇంజనీరుగారిని వంట నేర్చుకోమనండి” అంది.

“నచ్చజెప్పమని కదమ్మా పంపింది!”

“ఆవిడే నాకు నచ్చజెప్పారు.”

ఆయన తల పట్టుకున్నాడు. ఇప్పుడు అక్కడ మనిషి ఒకరు ఉండక తప్పదన్నాడు. ఒంటరిగా వెళ్ళే ఇంజనీరునీ, ఆ వెనక వెళ్ళే కుటుంబాలనీ దగ్గరుండి కుదురు చెయ్యడానికి, ఆర్నెల్ల పాటు. నిరుడు చేరిన జూనియర్‌ని పంపుతానన్నాడు. ఆ జూనియర్‌కి వీసా ఫారం ఎలా నింపాలో నేర్పింది ఆమే.

“నేను వెళ్తాను సార్.”

“మీరా? మరి ఇల్లు?”

“ఇల్లెక్కడికీ పోదు సార్. అక్కడే ఉంటుంది.”

ఆయన నవ్వాలో వద్దో తేల్చుకోలేక, “సరే, మీవారిని ఒకమాట అడిగి చెప్పండి” అన్నాడు. జూనియర్‌ని పంపాలనుకున్నప్పుడు ఎవరిని అడగమన్నారు సార్ అన్న మాట ఆమె నాలుక చివరిదాకా వచ్చి ఆగింది. “వాళ్ళకి చెప్తాను” అని మాత్రం అంది.

ఆ సాయంత్రం భోజనాల దగ్గర చెప్పింది. పాప తలెత్తి, “నిజంగానా అమ్మా?” అంది. అత్తగారు, “మరి నా మోకాళ్ళకి ఎవరు కాపడం పెడతారే?” అంది. భర్త ముద్ద నమిలి, మంచినీళ్ళు తాగి, ఎప్పటిలాగే నవ్వాడు.

“వెళ్ళు. నేనేం అడ్డుపడే రకాన్ని కాదు. ఏర్పాట్లన్నీ చేసి వెళ్ళు, అంతే.”

ఆమె గుండెల్లోంచి ఏదో బరువు జారిపోయింది. ఎంత మంచివాడు అనుకుంది. ఆయనకి ఇంకో గరిటెడు కూర వడ్డించింది. వడ్డిస్తుంటేనే ఆ కృతజ్ఞత ఎందుకో చిరాకనిపించింది, తన కాలి జోడు తనకే ఇచ్చినవాళ్ళకి దణ్ణం పెట్టినట్టు.

అయినా ఏర్పాట్లు మొదలుపెట్టింది. అందులో తనని మించినవాళ్ళు లేరు. పాప బడికి వ్యాను మాట్లాడింది. మోకాళ్ళకి వేడినీళ్ళ సంచి కొని, అత్తగారికి రెండుసార్లు చూపించింది. మందులు పొద్దుటివి వేరు, రాత్రివి వేరు డబ్బాల్లో సర్దింది. గ్యాసువాడి నంబరు, ప్లంబరు నంబరు తలుపుకి అంటించింది. ఆర్నెల్లకి సరిపడా ఇస్త్రీ ఎలా చేసిపెట్టాలా అని నిజంగానే ఒకపూట ఆలోచించి, తన బుద్ధికి తనే సిగ్గుపడింది. పగలంతా ఆఫీసు పని, ఇంటికొస్తే తను లేకపోతే చెయ్యాల్సిన పని కూడా తనే. తన ప్రయాణానికి పెట్టె ఇంకా అటక దిగలేదు. ఆయన మాత్రం వాళ్ళక్కయ్యతో ఫోనులో, “నేనే పంపిస్తున్నానే. చూడనీ, లోకం చూడనీ” అంటున్నాడు. పక్కగదిలో ఆమె ఆయన చొక్కాలు మడతపెడుతోంది.

ఆదివారం పొద్దున్న, ఆమె కుదిర్చిన వంటమనిషి వచ్చింది. నలుగురిళ్ళల్లో చేసిన మనిషి. కొంగు బిగించి, వంటింట్లోకి వచ్చి, పొయ్యి చూసి, గిన్నెలు చూసి, హాల్లో పేపరు చదువుతున్న ఆయన దగ్గరికెళ్ళి నిలబడింది.

“అయ్యగారూ, ఉప్పుకారాలు ఏమాత్రం తింటారు? పెద్దమ్మగారికి పథ్యమేమైనా ఉందా? పాపకి డబ్బాలోకి ఏం పెట్టాలి?”

ఆయన పేపరు లోంచి తల ఎత్తలేదు. “అవన్నీ ఆవిడనడుగు” అన్నాడు.

వంటమనిషి, వంటింటి గుమ్మంలో ఉన్న ఆమె వైపు తిరిగింది. ఆమె నోరు తెరిచింది. చెప్పాల్సినవన్నీ వరసగా నాలుక మీదే ఉన్నాయి. ఆయనకి కారం తక్కువ, అత్తయ్యకి ఉప్పు తక్కువ, పాప బెండకాయ తినదు, అన్నం కొంచెం మెత్తగా. పదిహేనేళ్ళు పోగుచేసుకున్న చదువు. ఇప్పుడు ఇది కూడా చెప్పేస్తే, తను ఎంతదూరం వెళ్ళినా ఈ వంటింట్లోనే నిలబడి ఉంటుంది. రేపు వంటమనిషి ఫోను చేస్తుంది, ఎల్లుండి వ్యానువాడు చేస్తాడు. భుజానికీ చెవికీ మధ్య ఇరికించుకుని ఇక్కడి పొయ్యిని అక్కణ్ణుంచి వెలిగిస్తూ ఉంటుంది తను.

“నన్నడక్కు” అంది. గొంతు పైకి లేవలేదు. “నువ్వు వండే రోజుల్లో నేనుండను. తినేవాళ్ళనడుగు.”

పేపరు చప్పుడు ఆగిపోయింది. “అదేమిటోయ్, నాకేం తెలుసు?” అన్నాడాయన, ఇంకా నవ్వు పూర్తిగా పోని మొహంతో.

“తెలీదనే చెప్పండి. మీరూ ఆవిడా కలిసి తెలుసుకోండి.”

ఆమె వాకిట్లోకి వచ్చి మెట్టు మీద కూర్చుంది. కాళ్ళు చాపుకుంది. లోపల వంటమనిషి, “అయ్యగారూ, ఉప్పు మామూలుగా వెయ్యమంటారా?” అంటోంది. “ఆ, మామూలుగా.” “మామూలుగా అంటే ఎంతండీ?” కుర్చీ కిర్రుమంది. ఆయన లేచాడు. వంటింట్లో అరల తలుపులు ఒకటొకటిగా తెరుచుకున్నాయి, మూసుకున్నాయి. ఏదో మూత కిందపడి గిరగిరా తిరిగి ఆగింది. “ఉప్పెక్కడ పెట్టావ్?” అని కేక వినిపించింది.

పైనుంచి రెండో అర, ఎడమవైపు, నీలం మూత డబ్బా.

ఆమె చెప్పలేదు.