నాలుగింటికి వెళ్ళిపోయే ఆట

ఈ ఉదయం నుంచి అక్క ఊపిరి పీల్చడం లేదు. మిగతా అంతా మామూలుగానే ఉంది. స్నానం చేసింది, తల దువ్వుకుంది, పై ఫ్లాట్ నుంచి మెట్లు దిగి మా ఇంటికి వచ్చింది.

తలుపు తీయగానే నా చెయ్యి పట్టుకుని తన ముక్కు కింద పెట్టుకుంటుంది. వెచ్చగా ఏమీ తగలదు. బుగ్గలు మాత్రం రెండూ ఉబ్బి ఉన్నాయి, నోట్లో నీళ్ళు పోసుకుని పుక్కిలించబోతున్నట్టు. ఉన్న ఊపిరంతా అక్కడ దాచుకుందని అర్థమవుతుంది.

"ఎప్పట్నుంచి?" అంటాను.

"ఆరింటి కాణ్ణుంచి."

ఆ రెండు మాటలకే కుడి బుగ్గ కాస్త తగ్గుతుంది.

మా అక్క పేరు వారిజ. కాకినాడ బస్ కాంప్లెక్స్‌లో ఏ బస్సు ఏ ప్లాట్‌ఫారం మీద ఉందో మైకులో చెప్పేది తనే. ఇరవై ఏళ్ళుగా గొంతు మీద బతుకుతున్న మనిషి. రెండు మాటలు మాట్లాడి ఊరుకోవడం నేనెప్పుడూ చూడలేదు. నాకు భయం వేస్తుంది.

ఇంకెవరైనా అయితే ఆస్పత్రికి పరిగెత్తేవారు. మేం వెళ్ళి టీవీ ముందు చాప మీద కూర్చుంటాం. అక్క ఊపిరి ఎక్కడుందో నాకు తెలుసు.

నిన్న సాయంత్రమే పాత వీడియో గేముల సబ్‌స్క్రిప్షన్ తీసుకున్నాను. చిన్నప్పుడు క్యాసెట్లు పెట్టి ఆడిన ఆటలన్నీ ఇప్పుడు క్యాసెట్ అక్కర్లేకుండా టీవీలోకి వచ్చేస్తాయి. వందల ఆటల్లో వెతగ్గా వెతగ్గా మాది దొరికింది. దాని అసలు పేరేమిటో మా వీధిలో ఎవరికీ తెలీదు, లేబుల్ మీద చైనా అక్షరాలుండేవి. మేం గొడుగు మనిషి అనేవాళ్ళం. ఎర్ర చొక్కా వేసుకున్న పొట్టి మనిషి సముద్రం మీద చెక్కవంతెన దాటాలి. వంతెనకి మధ్యమధ్య పలకలుండవు. అక్కడ గొడుగు తెరిచి ఎగరాలి. లేకపోతే నీళ్ళలో పడతాడు. ఆటంతా అదే.

అప్పట్లో ఆ ఆటలో గాలి లేదు. నిన్న ఉంది. మొదటి ఖాళీ మీద గొడుగు తెరవగానే వెనకనుంచి సన్నటి ఈలతో గాలి వచ్చి వాణ్ణి ఎత్తింది. ఆ ఈల నేనెక్కడ విన్నా గుర్తుపడతాను. అది అక్క ముందుపళ్ళ సందులోంచి వచ్చే ఈల.

క్యాసెట్ పట్టనప్పుడు, టీవీ నిండా గీతలు వచ్చినప్పుడు, ఊదేది అక్కే. ఈ చివర నుంచి ఆ చివర దాకా ఒకే ఊపిరిలో, మౌతార్గాన్ వాయించినట్టు ఊదేది. నన్ను ఊదనిచ్చేది కాదు, ఎంగిలి పడుతుందని. అప్పుడు ఊదిందంతా ఆటలోనే ఉండిపోయింది. నిన్న నేను ఆ గాలి మీద తొమ్మిది ఖాళీలు దాటాను, భలే ఉందే అనుకున్నాను కూడా. చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది.

ఇవాళ ఆ ఆట బొమ్మ కింద చిన్న అక్షరాలు కనిపిస్తున్నాయి. ఈ ఆట ఈ రోజు సాయంత్రం నాలుగింటికి వెళ్ళిపోతుంది.

కస్టమర్ కేర్‌కి ఫోన్ చేస్తాను. ఎత్తిన అమ్మాయి తన పేరు కాంతిశ్రీ అని చెబుతుంది. విషయం చెబుతాను. ఆమె ఆశ్చర్యపోదు. కీబోర్డు చప్పుడు వినిపిస్తుంది.

"ఉందండీ. మీ అక్కగారి ఊపిరి అందులోనే ఉంది. చాలానే ఉంది సార్."

"మరి నాలుగింటికి?"

"గేమ్‌తో పాటే వెళ్ళిపోతుందండీ."

"ఎక్కడికి?"

"మాకు చెప్పరు సార్."

"ఈలోపు తీసుకోవాలంటే ఏం చెయ్యాలి?"

"ఓడిపోవాలండీ. మీరు ఓడిపోవాల్సిన చోట్ల ఓడిపోలేదు. ఆట ఎక్కడ ఆగిపోయిందో అక్కడే ఊపిరీ ఆగిపోయింది. మళ్ళీ అక్కడికెళ్ళి పడిపోతే వచ్చేస్తుంది."

నా చెవులు వేడెక్కుతాయి. ఆ అమ్మాయికి ఇంకా ఏమేం కనిపిస్తున్నాయో తెలీదు. ఫోన్ పెట్టేస్తాను.

చిన్నప్పుడు మా ఇంట్లో ఒక్కటే రిమోట్. ఓడిపోయినవాళ్ళు పక్కవాళ్ళకి ఇచ్చెయ్యాలి, అదీ రూలు. నా పక్కన ఎప్పుడూ అక్కే. గొడుగు మనిషి పడిపోబోతున్నాడని తెలియగానే నేను కాలి బొటనవేలితో గేమ్ పెట్టెని మెల్లిగా తన్నేవాణ్ణి. టీవీ నిండా గీతలు. "అక్కా, ఊదవే!" అని అరిచేవాణ్ణి. తను క్యాసెట్ తీసి, ఊది, మళ్ళీ పెట్టేది. ఆట మొదటికి వచ్చేది. నేను ఓడిపోలేదు కనక రిమోట్ నా చేతిలోనే ఉండేది. నా ఆరో తరగతి నుంచి పదో తరగతి దాకా అక్కకి ఒక్క వంతు కూడా రాలేదు. క్యాసెట్ పాతదైపోయిందనుకునేది పాపం.

ఇదంతా ఇప్పుడు అక్కకి చెప్పాలి. చెప్పను.

"ఓడిపోవాలంట," అని మాత్రం అంటాను. అక్క తల ఊపుతుంది. దానికి ఊపిరి అక్కర్లేదు.

పదకొండింటికి మొదలుపెడతాను. మూడో ఖాళీ దగ్గర ఒక పలక మీద చిన్న గీత ఉంది, నేను తన్నిన చోటు. అక్కడ గొడుగు తెరవను. ఎర్ర చొక్కా నీళ్ళలో పడుతుంది. టీవీ అడుగునుంచి చెంబెడు నీళ్ళు చాప మీదకి ఒలుకుతాయి. ఉప్పునీళ్ళు. అదే క్షణాన అక్క ఛాతీ ఒక్కసారి పైకి లేస్తుంది.

"హమ్మయ్య," అంటుంది.

పాత ఆటలకి ఈ సర్వీసువాళ్ళు ఒక సౌకర్యం పెట్టారు. చూపుడువేలి కింది మీట నొక్కి పట్టుకుంటే ఆట వెనక్కి నడుస్తుంది, పడ్డవాడు లేచి వంతెన మీదకి వచ్చేస్తాడు. నా వేలు దానంతటదే ఆ మీట నొక్కుతుంది. చూస్తూనే ఉన్నాను, ఆపలేను. చాప మీది నీళ్ళు టీవీలోకి ఎక్కుతాయి. అక్క ఛాతీ దిగిపోతుంది. అన్న "హమ్మయ్య" కూడా తన నోట్లోకి వెనక్కి వెళ్ళిపోతుంది.

అక్క నా మొహం వంక కాసేపు చూస్తుంది. జడ చివర రబ్బరుబ్యాండు తీసి, నా చూపుడువేలినీ మధ్యవేలినీ కలిపి బిగించి కడుతుంది.

ఆ తర్వాత ఓడిపోవడం నేర్చుకుంటాను. అనుకున్నంత తేలిక కాదు. కళ్ళు వంతెన చూడగానే చేతులు బతకాలని చూస్తాయి. నాలుగుసార్లు ప్రయత్నిస్తే ఒకసారి పడతాను. పడ్డప్పుడల్లా నీళ్ళు వస్తాయి, పడ్డప్పుడల్లా అక్కకి ఒక్క ఊపిరి వస్తుంది. ఒక్కటే. దాన్ని బుగ్గలో దాచుకుని తను గోడ గడియారం చూస్తుంది. ఒంటిగంటకి నీళ్ళు మా మోకాళ్ళు తాకుతాయి. చాప మునిగిపోయింది, మేం దాని మీదే కూర్చుని ఉన్నాం.

రెండింటికి హాలు పొడవు పెరుగుతుంది. వంతెన పొడుగు కదా, దానికి చోటు కావాలి. టీవీ దూరంగా జరిగి జరిగి, అగ్గిపెట్టె అంత కనిపిస్తుంది. నేను లేచి నడిస్తే అది ఇంకా జరుగుతుంది, అందుకని కూర్చుంటాను. అక్క నడిస్తే జరగడం లేదు. తను చీర కుచ్చిళ్ళు ఎత్తిపట్టుకుని నీళ్ళలో నడుచుకుంటూ వెళ్ళి టీవీ పక్కన నిలబడుతుంది.

"గొడుగు మనిషి ఐదో పలక మీద ఉన్నాడు," అని అక్కణ్ణుంచి చెబుతుంది, కాంప్లెక్స్‌లో చెప్పే గొంతుతో.

ఒకసారి పడినందుకు వచ్చిన ఊపిరిలో సగం ఆ ఒక్క మాటకే పోతుంది. చెప్పకపోతే నేను ఎక్కడ పడాలో తెలీదు. చెబితే పడ్డా లాభం ఉండదు.

"తక్కువ మాటల్లో చెప్పు!" అని అరుస్తాను.

"ఆరు," అంటుంది. "ఏడు. ఇక్కడే."

పడతాను. నీళ్ళు. "ఎనిమిది. కాదు. కాదు. ఇక్కడ." పడతాను. మధ్యలో తెర మీద అక్షరాలు వస్తాయి. మీరు ఇంకా ఉన్నారా? ఉన్నాను అని నొక్కుతాను. మళ్ళీ అడుగుతుంది. మీతో ఉన్నవారు ఇంకా ఉన్నారా? దూరంగా అక్క వంక చూస్తాను. పెదాలు నేరేడుపండు రంగులోకి తిరుగుతున్నాయి. ఉన్నారు అని గట్టిగా నొక్కుతాను.

మూడున్నరకి అక్క మాట ఆగిపోతుంది. చెయ్యి మాత్రం ఎత్తి నన్ను రమ్మంటుంది. నేను నడిస్తే ఈసారి టీవీ జరగదు. నీళ్ళు నడుముదాకా ఉన్నాయి. దగ్గరకి వెళ్ళి చూస్తే వంతెన చివర కనిపిస్తోంది.

అక్కడ చిన్న పసుపు జెండా ఉంది. ఇన్నేళ్ళలో దాన్ని నేనెప్పుడూ చూడలేదు, మా వీధిలో ఎవరూ చూడలేదు. ఒక్క ఖాళీ మిగిలింది. ఒక్క ఎగురు. ఆఖరి గీత సరిగ్గా దాని ముందు పలక మీదే ఉంది.

నాకు గెలవాలని ఉంది. నలభై ఏళ్ళ మనిషిని, మూరెడు దూరంలో మా అక్క నీలంగా అయిపోతోంది, అయినా నాకు గెలవాలనే ఉంది. రబ్బరుబ్యాండు లోపల వేలు గింజుకుంటుంది. గింజుకుని గింజుకుని దాన్ని తెంపేస్తుంది. గొడుగు తెరుచుకుంటుంది. ఎర్ర చొక్కా గాల్లో ఉంది. కింద నుంచి ఈల వేస్తూ గాలి వాణ్ణి జెండా వైపు మోస్తోంది, అది అక్కలో మిగిలిన ఆఖరిదని నాకు తెలుసు. తన రెండు బుగ్గలూ పీక్కుపోయాయి.

"భానోజీ," అంటుంది అక్క. అది నా పేరు. ఇంక తన దగ్గర ఏమీ లేదు.

గొడుగు మూసేస్తాను.

ఎర్ర చొక్కా రాయిలా పడుతుంది. కుండలకొద్దీ నీళ్ళు టీవీలోంచి దూకుతాయి. అక్క ఛాతీ కదలదు. ఎదురుచూస్తాను. కదలదు. భుజాలు పట్టుకుని కుదుపుతాను. గడియారం మూడూ యాభై మూడు.

మళ్ళీ ఫోన్ చేస్తాను. కాంతిశ్రీయే ఎత్తుతుంది.

"అన్ని చోట్లా ఓడిపోయానండీ! ఊపిరి రావట్లేదు!"

"ఓడిపోయాక ఏం చెయ్యాలి సార్?" అంటుంది నెమ్మదిగా.

చేతిలో ఉన్న రిమోట్ వంక చూస్తాను.

"ఆ రూలు మాది కాదండీ. మీ ఇంటిదే."

ఫోన్ నీళ్ళలో పడిపోతుంది. అక్క కళ్ళు తెరిచే ఉన్నాయి, నన్నే చూస్తున్నాయి. ముప్ఫై ఏళ్ళుగా నోట్లో పెట్టుకుని తిరుగుతున్న మాట ఇప్పుడు బయటికి రావాలి.

"అక్కా, క్యాసెట్ బాగానే ఉండేదే. నేనే తన్నేవాణ్ణి. నీకు వంతు రాకూడదని తన్నేవాణ్ణి. తన్నేసి మళ్ళీ నీచేతే ఊదించేవాణ్ణి."

తన మొహంలో ఏమీ మారదు. మారడానికి కూడా ఊపిరి కావాలి కాబోలు. నేను రిమోట్‌ని చొక్కాకి తుడుస్తాను, చొక్కా కూడా తడిదే. అక్క అరచెయ్యి తెరిచి అందులో పెట్టి, వేళ్ళు ఒక్కొక్కటే దాని చుట్టూ మూస్తాను.

"నీ వంతు," అంటాను. నాకు ఏడుపొస్తుంది, ఏడుస్తాను.

అక్క వేళ్ళు బిగుసుకుంటాయి. అప్పుడు ఊపిరి పీలుస్తుంది.

ముందు కిటికీ కర్టెన్లు తన వైపు వంగుతాయి. తర్వాత పక్కింటి కుక్కర్ ఆవిరి, కారిడార్‌లో ఆరేసిన బట్టలు, వీధిలో దుమ్ము, అన్నీ మా హాల్లోకి వస్తాయి. తను ఆపదు. పళ్ళ సందులో ఈల సాగుతూనే ఉంటుంది. టీవీలోంచి సముద్రం తన ఊపిరితో పాటు లేచి, నా ఛాతీ దాటి, భుజాలు దాటి పైకి వస్తుంది. అక్క మొహంలోకి రంగు తిరిగి వస్తోంది. పెదాలు ముందు.

"వెధవా," అంటుంది నిండు ఊపిరితో. అంత చక్కటి మాట నేనెప్పుడూ వినలేదు.

గడియారం నాలుగు కొడుతుంది. తెర మీద అక్షరాలు వస్తాయి. ఒకరు ఆడుతున్నందున ఈ ఆట వేచి ఉంటుంది.

అక్క మునిగిన చాప మీద బాసింపట్టు వేసుకుని కూర్చుంటుంది. నీళ్ళు తన తల దాటి పైకి ఉన్నాయి. వాటిలో తను హాయిగా ఊపిరి తీస్తోంది, వదులుతోంది, మళ్ళీ తీస్తోంది. రిమోట్‌ని అటూ ఇటూ తిప్పి చూస్తుంది. గొడుగు మనిషి ఒక అడుగు ముందుకి వేసి, రెండు అడుగులు వెనక్కి వేసి, నిలబడిపోతాడు.

"దేంతో తెరుచుకుంటాదిరా గొడుగు?"

"ఎర్ర బటన్," అంటాను. నీళ్ళు నా గడ్డం తాకుతున్నాయి. "తొందరేం లేదక్కా. మెల్లిగా ఆడుకో."

నేను కూడా తన పక్కన కూర్చుంటాను. నీళ్ళు నా మీద మూసుకుంటాయి. కిటికీ వైపు నుంచి ఒక ఓడ వస్తుంది. దాని అడుగు నల్లగా, నాచు పట్టి, మా సీలింగ్ ఫ్యాన్ రెక్కల్ని మెల్లగా తిప్పుకుంటూ మా తలల మీదుగా దాటడం మొదలుపెడుతుంది. చాలా పెద్ద ఓడ. అక్క తల ఎత్తి చూడదు. తను ఇంకా మొదటి పలక మీదే ఉంది. నేను ఊపిరి బిగబట్టి కూర్చుంటాను.