గోడకు కట్టేసిన ఫోను

పద్మలత ఫోనులో బ్యాటరీ పోయి ఆరు నెలలైంది. గోడ ప్లగ్గులో వైరు ఉన్నంతసేపే అది పలుకుతుంది. వైరు తీస్తే చీకటే. సౌదీలో ఉన్న ఆమె భర్త గంగాకిషన్ శుక్రవారం తప్ప మాట్లాడలేడు. వాళ్ల క్యాంపులో సిగ్నల్ ఉండదు, సామాన్లు కొనుక్కోవడానికి ఊళ్లోకి వచ్చినప్పుడే ఫోను. అందుకే శుక్రవారాలు ఆమె బీడీల చాట ప్లగ్గు కిందికి జరుపుకొని కూర్చుంటుంది.

ఈ శుక్రవారం అతనికి జవాబు చెప్పాలి. ఇంకో రెండేళ్లు ఉంటానని రేపు కంపెనీ కాగితం మీద సంతకం పెట్టాలట. "నువ్వెట్లంటే గట్ల," అన్నాడు పోయిన వారం. పోయిన ఐదేళ్లలో ఆమెను అడగడం అదే మొదలు. వారమంతా తునికాకు కత్తిరిస్తూ ఆమె మాటలు కూర్చుకుంది. రమ్మనాలి.

పదిన్నరకు కరెంటు పోయింది. లైన్ల పనట, రెండింటిదాకా రాదట. అతని ఫోను వచ్చేది పన్నెండు లోపే.

పెట్టెలోంచి పవర్‌బ్యాంకు తీసింది. నిరుడు అతను, సెలవు మీద వస్తున్న దొంకేశ్వర్ ఊరి మనిషితో పంపాడు. వాడితే అరిగిపోతుందని అతని లుంగీలో చుట్టి దాచింది. అప్పుడప్పుడు తీసి చూసుకుని మళ్లీ చుట్టేది. ఇప్పుడు బొత్తాం నొక్కితే ఒక్క దీపమూ వెలగలేదు.

"దానికి ఎన్నడన్న చార్జింగు వెట్టినవా?" అంది పక్కింటి చిన్నక్క.

"పెట్టాల్నా? నిండుగనే పంపిండనుకున్న."

"ఓయమ్మ! గదేమన్న నెయ్యి డబ్బానా? మొగడు పంపిండని ముద్దు వెట్టుకుంట కూసున్నవ్. ఉరుకు, దత్తాత్రి సేటు దుకాన్ల ఇన్వర్టర్ ఉంటది."

పసుపు కమీషన్ దుకాణం నిండా మనుషులు. కొమ్ముల కుప్పల మీంచి దుమ్ము లేస్తోంది. దత్తాత్రి తన ఫోను తీసి ప్లగ్గు ఖాళీ చేశాడు. "పెట్టుకో చెల్లె."

వైరు పొట్టిది. బేరమాడేవాళ్ల మధ్యనే, గోడకు ఆనుకుని నిలబడాల్సి వచ్చింది. ఫోను మెల్లగా మేలుకుంది. మేలుకోగానే మోగింది.

"ఎంతసేపటి సంది చేస్తున్న! ఏమైంది?"

"కరెంటు లేదు."

"తిన్నవా?"

"తిన్న. నువ్వు?"

"తిన్న."

బెంచీ మీది ఐదుగురూ ఆమె ముఖంలోకే చూస్తున్నారు. అతని వైపు పక్క ఇప్పటికీ పరుస్తున్నానని, అతని గొంతు విన్నాక రెండు రోజులు చేతిలో ఆకు సరిగా చుట్టుకోదని ఎలా చెప్పడం? వారమంతా కూర్చుకున్న వాటిలో ఒక్కటీ ఇక్కడ అనే మాట కాదు.

"చెప్పు పద్మా. క్యాంపు బండి ఎల్లిపోతది. సంతకం పెట్టాల్నా?"

ఇంటికి పోయి చెబుతానందామంటే అక్కడ ఫోను పలకదు.

"పెట్టకు," అంది. గొంతు అనుకున్నదానికన్నా పెద్దగా వచ్చింది. బేరాలు ఆగిపోయాయి. "నువ్వు లేకుంట నాతోని అయితలేదు. వచ్చెయ్."

దత్తాత్రి లేచి, చప్పుడు చేస్తున్న ఫ్యాను ఆపాడు.

అటువైపు గంగాకిషన్ గొంతు తగ్గించాడు.

"యాడున్నవ్?"

"సేటు దుకాన్ల."

"మంది ఉన్నరా?"

"ఉన్నరు."

"మంది ముందటనే అన్నవా గా మాట?"

"అన్న."

అతను ముక్కు చీదుకున్న చప్పుడు వినిపించింది.

"సంతకం పెట్ట తియ్," అన్నాడు. "జర మల్లొక్కపారి అను."