మేములో ఎవరున్నారు

ఆ డబ్బింగ్ థియేటర్లో ఆయన్ని అందరూ పెదాల మాస్టారు అనేవారు. పరభాషా సినిమాలకు తెలుగు మాటలు రాయడం ఆయన పని. తెర మీద బొమ్మ పెదాలు మూస్తే, ఈయన రాసే మాటలో సరిగ్గా అక్కడ పకారమో, బకారమో, మకారమో పడాలి. బొమ్మ నోరు తెరిస్తే ఈయన మాటా నోరు తెరవాలి. ముప్ఫై ఏళ్ళుగా ఇదే పని కావడంతో ఇంట్లో భార్య మాట్లాడుతున్నా మూతి వైపే చూస్తారని ఆవిడ ఫిర్యాదు. "నా మాట వింటున్నారా, కొలుస్తున్నారా?" అని నిలదీసేది. నిజం చెప్పాలంటే ఆయన రెండూ చేసేవారు.

ఇప్పుడు చేతిలో ఉన్నది ఒక యుద్ధం సినిమా. కథ పెద్దదేం కాదు. మంచు కొండల్లో దారి తప్పిన ఇద్దరు సైనికులు, ఒకడిది ఈ పక్షం, ఇంకొకడిది ఆ పక్షం. ఒకడికి కాలు విరిగింది. ఇంకొకడి దగ్గర తుపాకీ ఉంది, తూటాలు లేవు. మొదటి రోజు ఒకరి పీక ఒకరు నొక్కుదామని చూస్తారు, ఐదో రోజుకి ఒకే దుప్పటి కింద ముడుచుకుంటారు. చివరికి కొండ దిగేసరికి ఎదురయ్యేది తుపాకీవాడి సొంత సైన్యమే. ఇలాంటివి మాస్టారు ఇప్పటికి ఓ డజను రాసి ఉంటారు. రాస్తున్నంతసేపూ ఒళ్ళుమంటే. "రెండు గంటల్లో కలిసిపోతారు వెధవలు. బయట ఆరేళ్ళయినా కలవరు" అని గొణుక్కునేవారు.

ఆ ఆరేళ్ళ సంగతి థియేటర్లో అందరికీ తెలుసు. తుపాకీ సైనికుడికి గొంతు ఇస్తున్నవాణ్ణి ఉరుము అంటారు. అసలు పేరు వాళ్ళావిడకైనా గుర్తుందో లేదో. వాడు మైకు ముందు నిలబడి 'ఆగు' అంటే మైకు గది అద్దం ఇవతల టీ కప్పులు కదిలేవి. ఈ ఉరుము మాస్టారికి స్వయానా తోడల్లుడు, అంటే భార్య చెల్లెలి మొగుడు. ఒకప్పుడు నోరారా 'అన్నయ్యా' అని పిలిచినవాడే. ఇప్పుడు 'రచయిత గారూ' అంటాడు. మాస్టారు కూడా తక్కువ తినలేదు, 'ఆర్టిస్టు గారూ' అంటారు. ఆ గారుల్లో గౌరవం ఎంతుందో వినేవాళ్ళకి తెలుసు.

ఆరేళ్ళ కిందట గొంతు కళాకారులందరూ పని మానేశారు. అడిగింది ఒక్కటే, సినిమా చివర తమ పేర్లు కూడా తెర మీద వెయ్యమని. మాస్టారి పేరు ఎలాగూ పడేదే. అయినా తోడల్లుడి కోసం ఆయనా కలం మూసి, వాళ్ళతోపాటు థియేటర్ గేటు ముందు బెంచీ మీద కూర్చున్నారు. ఎనిమిది రోజులు ఆయనా ఉరుమూ ఒకే ఫ్లాస్కులో టీ పంచుకుని తాగారు. తొమ్మిదో రోజు పొద్దున ఉరుము బెంచీ మీద లేడు. మధ్యాహ్నం ఓనరు గదిలోంచి బయటికొచ్చి, గేటు దగ్గర నిలబడి, నేల చూపులు చూస్తూ అన్నాడు. "మేం మాట్లాడుకున్నాం. రేపట్నుంచి పని మొదలు."

మేం అంటే తనూ, ఓనరూ. బెంచీ మీద ఉన్నవాళ్ళెవరూ అందులో లేరు. మనం అని ఉంటే ఎలాగోలా సరిపెట్టుకునేవారేమో. మాటల మీద బతికే మనిషికి ఆ ఒక్క మాటే ముల్లులా దిగింది. మిగతావాళ్ళు కూడా ఒక్కొక్కరే లోపలికి వెళ్ళారు, పని మొదలైంది, పేర్లు మాత్రం పడలేదు. ఆ రోజు నుంచి తోడల్లుళ్ళ మధ్య పని మాట తప్ప ఇంకో మాట లేదు. అక్కచెల్లెళ్ళు మాత్రం మొగుళ్ళకి తెలియకుండా రోజూ ఫోన్లో మాట్లాడుకునేవారు. మొగుళ్ళిద్దరూ తెలియనట్టు ఉండేవారు.

బుధవారం పొద్దున మాస్టారు గడ్డం గీసుకుంటుంటే భార్య వచ్చి గుమ్మంలో నిలబడింది.

"మీతో చెప్పనని చెల్లి ఒట్టు వేయించుకుంది."

"అయితే చెప్పకు."

"ఒట్టు తీసి గట్టున పెట్టాను. వినండి. మరిది గొంతులో కాయ ఉందట. సోమవారం ఆపరేషను."

మాస్టారి చెయ్యి చెంప మీదే ఆగిపోయింది. "కాయేంటి?"

"ప్రాణానికి ఢోకా లేదన్నారట. కానీ తీసేశాక మళ్ళీ ఇదే గొంతు వస్తుందని మాటివ్వలేమన్నారట. అందాకా మెల్లగా మాట్లాడితే ఫర్వాలేదు, అరిస్తే మాత్రం ఉన్నది కూడా పోతుందట."

"ఇంకా అరగంట సినిమా మిగిలుంది. దాన్నిండా అరుపులే."

"చెల్లి ఏడుపంతా దానికే. ఈ ఒక్కటీ పూర్తి చేసి వెళ్తానని కూర్చున్నాడట. ఓనరుకి తెలిస్తే ఇంకో ఆర్టిస్టుని తెచ్చి మొదట్నుంచీ చెప్పిస్తాడు కదా." ఆవిడ చీర కొంగుతో అద్దం మీద పడిన నురగ తుడిచింది. "పేరు ఎలాగూ పడదు. గొంతైనా ఉండాలి కదండీ."

మాస్టారు మిగతా సగం గడ్డం గీసుకుని, "ఇదంతా నాకెందుకు చెప్తున్నావు?" అన్నారు.

"చెవులున్నాయి కదా అని" అనేసి ఆవిడ వెళ్ళిపోయింది.

ఆయన బల్ల ముందు కూర్చున్నారు. అనుభవించనీ అనుకున్నారు. అనుకున్న మరుక్షణమే సిగ్గేసింది. ఉరుము మంచివాడా చెడ్డవాడా అన్నది అలా ఉంచితే, ఆ గొంతు కోసం ఈయన రాసిన మాటలు తక్కువేం కావు. రాత్రనకా పగలనకా ఏ మాట రాసినా ముందు ఆ గొంతులోనే వినిపించేది, మాటలు లేని ఈ ఆరేళ్ళలో కూడా. ఇక అది వినపడకుండా పోతుందట. వాడి మీద కోపం తగ్గలేదు. కోపం ఉండగానే బాధ కూడా వచ్చి పక్కన కూర్చుంది.

చివరి అరగంట కాగితాలు ముందేసుకుని అరుపులు లెక్కపెడితే పందొమ్మిది తేలాయి. తెర మీద వాడు అంత నోరు తెరుస్తుంటే ఇక్కడ గుసగుసలాడితే చూసేవాళ్ళు నవ్వుతారు. టీవీలో ఆ భాగాన్ని మళ్ళీ మళ్ళీ వేసుకుని చూశారు. మధ్యాహ్నం అన్నం చల్లారిపోయింది. సాయంత్రం అవుతుండగా దారి దొరికింది. ఒకచోట కాలు విరిగినవాడు కెమెరాకి వీపు పెట్టి కూర్చుని ఉన్నాడు. వీపు కనిపిస్తే పెదాల రచయితకి పండగే, ఏం రాసినా అడిగే నాథుడు లేడు. అక్కడ వాడి చేత ఒక కొత్త మాట అనిపించారు. "చలికి నీ గొంతు కూడా గడ్డకట్టిందిరా."

అంతే. అక్కడి నుంచి తుపాకీవాడు ఎంత నోరు తెరిచినా బొంగురే వస్తుంది, అది కథలో భాగమే. పందొమ్మిది చోట్లా 'అరుస్తూ' అన్న మాట కొట్టేసి, 'గొంతు పెగలక' అని రాశారు. గొంతుని గీరే మాటలు తీసేసి మెత్తటి మాటలు వేశారు.

గురువారం థియేటర్లో సౌండు ఇంజినీరమ్మాయి ఆ కాగితాలు తీసుకెళ్ళి మైకు ముందు స్టాండు మీద పెట్టి వచ్చింది. ఉరుము చదువుకున్నాడు. మళ్ళీ మొదటి నుంచి చదివి, తలెత్తి అద్దంలోంచి ఇటు చూశాడు.

"రచయిత గారూ, ఇక్కడ అరవాలి కదా?"

"అక్కర్లేదు. వాడికి చలికి గొంతు పోయింది. ముందు పేజీ చూడండి."

ఉరుము ముందు పేజీ చూశాడు. గోరువెచ్చటి నీళ్ళ సీసా ఎత్తి ఒక గుక్క తాగాడు. "ఎవరు చెప్పారు?" అన్నాడు మెల్లగా.

"కథలో అలా ఉంది. కానివ్వండి."

శబ్దం కొలిచే మీటరు మీద సూది లేవడం లేదని ఇంజినీరమ్మాయే గమనించింది. ఏమీ అడగకుండా లోపలికి వెళ్ళి, మైకుని వాడి నోటికి నాలుగు వేళ్ళ దూరానికి జరిపి, బయటికొచ్చి శబ్దం పెంచింది. ఆ రోజు పన్నెండు అరుపులు అరవకుండా అయిపోయాయి. శుక్రవారం మధ్యాహ్నానికి ఒక్క మాట మిగిలింది.

అది సినిమాలో ఆఖరి మాట. సొంత సైన్యం కాపలావాడు, కుంటివాడి వైపు తుపాకీ ఎక్కుపెట్టి, "వీణ్ణెక్కడ పట్టుకున్నావు?" అని అడుగుతాడు. మన సైనికుడు కుంటివాడి వైపు చూస్తూ జవాబు చెప్తాడు. మాస్టారు రాసింది, "మనం కలిసే వచ్చాం."

ఉరుము ఆ కాగితం పట్టుకుని అలాగే నిలబడ్డాడు. "ఇది కుదరదు రచయిత గారూ."

"ఎందుకు కుదరదు? ఐదు రోజులు మేము, మీరు అని కొట్టుకు చచ్చారు. చివరికైనా మనం అనొద్దూ? జనం దానికోసమే కదా కూర్చున్నది."

"చూసేది కుంటివాణ్ణే. చెప్పేది మాత్రం కాపలావాడికి. మనం అంటే ఆ కాపలావాడు కూడా అందులోకి వచ్చేస్తాడు." ఉరుము ఆగి, ఊపిరి తీసుకున్నాడు. "మేం అనాలి. మొదటి రోజు వీడు మేం అంటే తనూ, తన సైన్యమూ. ఇప్పుడు మేం అంటే తనూ, ఈ కుంటివాడూ. మాట అదే. లోపలున్నవాళ్ళు మారారు."

మాస్టారు కలం మూత తీశారు. ముప్ఫై ఏళ్ళలో తన మాటని ఎవరూ ఇంత సరిగ్గా దిద్దలేదు.

"ఆ మాట ఎలా తగులుతుందో నాకు తెలుసు" అన్నాడు ఉరుము. "ఒకసారి తప్పు మనిషిని లోపల పెట్టుకుని అన్నాను."

"ఎందుకన్నావు?" మాస్టారికి తెలియకుండానే గారు జారిపోయింది.

"భయమేసింది. ఓనరు ఇంకో గొంతు తెచ్చుకుంటానన్నాడు. అంతకుమించి చెప్పుకోవడానికి ఏమీ లేదు."

మాస్టారు కాగితం మీద 'మనం' కొట్టేసి 'మేం' అని రాశారు. బొమ్మని ఒకసారి వేయించి చూసుకున్నారు. మొదట్లోనూ చివర్లోనూ పెదాలు మూతపడ్డాయి, మాట అతికినట్టు సరిపోయింది.

అప్పుడే తలుపు తోసుకుని ఓనరు వచ్చాడు. నిన్నటి ముక్క ఒకటి వేయించుకుని విని, మొహం చిట్లించాడు.

"ఏంటిది, బొంగురు? మాస్టారూ, మనం ఒకసారి నా గదిలో కూర్చుని మాట్లాడుకుందామా?"

ఇక్కడి మాటలు మైకు గదిలోకి వినిపించే మీట ఇంజినీరమ్మాయి వేలి కింద అలాగే నొక్కి ఉంది. ఆమె తియ్యలేదు. అద్దం అవతల ఉరుము హెడ్‌ఫోన్లు పెట్టుకుని, ఆరేళ్ళ కిందట గేటు దగ్గర నిలబడ్డట్టే, నేల చూస్తూ నిలబడ్డాడు.

మాస్టారు కుర్చీలోంచి లేవలేదు. "ఇక్కడే చెప్పండి."

"చెప్పేదేముంది, ఇంకో ఆర్టిస్టుని పిలుద్దాం. తెర మీద పడేది మీ పేరు. చెడిందంటే మీకే మాట."

"ఆ సైనికుడికి చలికి గొంతు పోయింది. ఇలాంటి గొంతే కావాలి. అది మారిస్తే నా కాగితాలు నాకిచ్చేయండి, పేరూ తీసేయండి." మాస్టారు కళ్ళజోడు సర్దుకున్నారు. "మీరు వెళ్ళండి సార్. మేం చూసుకుంటాం."

"మేం అంటే?"

"ఆయనా, నేనూ."

ఓనరు ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు. సాయంత్రానికి సినిమా చేతికి రావాలని చెప్పి వెళ్ళిపోయాడు.

ఇంజినీరమ్మాయి టేకు వేసింది. తెర మీద మంచు, తుపాకీ, కుంటివాడు. ఉరుము కళ్ళు తుడుచుకుని మైకు దగ్గరికి వంగాడు.

"మేం... కలిసే వచ్చాం."

మధ్యలో గొంతు చీలింది. మాస్టారు మొదటి టేకుకే సరే అన్న రోజు ఆ థియేటర్లో లేదు. ఇంజినీరమ్మాయి ఆయన వైపు చూసింది. ఆయన కళ్ళజోడు తీసి చొక్కాతో తుడుస్తున్నారు.

"ఇంకోటి తీద్దామా, అన్నయ్యా?" అని వినిపించింది లోపల్నుంచి.

"వద్దురా తమ్ముడూ. ఉన్న గొంతు దాచుకో." మాస్టారు బల్ల మీది మైకు దగ్గరికి జరిగారు. "సోమవారం ఆసుపత్రికి ఎన్నింటికి బయల్దేరాలి మనం?"

ఉరుము నోరు తెరవబోయి, మళ్ళీ మూసుకుని, ఏడు వేళ్ళు చూపించాడు. మాస్టారు కాగితం వెనక ఏడు అని రాసి, మడిచి జేబులో పెట్టుకున్నారు.