చెవి అందిన పిల్లవాడు

వెంకటకృష్ణయ్య అయ్యవారికి ముప్పైమూడేళ్ల సర్వీసులో ఒకే ఒక గర్వం. ఆయన రాసిన స్కూలు రిజిస్టరులో ఒక్క కొట్టివేత ఉండదు. ఇన్‌స్పెక్టర్లు తిరగేసి చూసి, అక్షరాలు ముత్యాల్లా ఉన్నాయని మెచ్చుకుని పోయేవారు. అక్షరాలు ముత్యాలే, కాదనలేం. అందులోని పుట్టినరోజుల సంగతి మాత్రం ఆయనకూ పైనున్న దేవుడికీ తెలుసు.

రిటైరై ఎమ్మిగనూరులో మగ్గాల చప్పుడు వింటూ హాయిగా కాలం గడుపుతున్న పెద్దమనిషికి, 1957 ఎండాకాలంలో సాక్ష్యానికి రమ్మని ఆదోని కోర్టు నుంచి సమన్లు వచ్చాయి. వెనకాలే యేసేపూ వచ్చాడు, తల్లి హనుమక్కను వెంటబెట్టుకుని. అయ్యవారు పక్క పల్లెలో పాఠాలు చెప్పిన రోజుల్లో వాడు ఆయన శిష్యుడు. మొగుడు పోయాక హనుమక్క చేలల్లో కూలి చేసి వాణ్ని ఎస్సెల్సీ దాకా చదివించింది.

"తాలూకాఫీసు గుమాస్తా పరీక్షలో గెలిచినా అయ్యవారూ," అన్నాడు యేసేపు. "వయసు మీరిందని పక్కన పెట్టినారు. నిరుడు జూలై ఒకటికి ఇరవైఐదు నిండకూడదంట. మీ రిజిస్టరు ప్రకారం నాకు ఇరవైఆరు."

"నిజంగా ఎంత?"

"ఇరవైనాలుగే. ముప్పైఒకటిలో ఆగస్టు పద్నాలుగున పుట్టినానని పాదిరిగారు బాప్తిస్మం పుస్తకంలో రాసినారు. ఆఫీసోళ్లు స్కూలు రిజిస్టరు తప్ప ఇంకోటి ఒప్పుకోమన్నారు. అందుకే దావా వేసి, మిమ్మల్ని సాక్షిగా పెట్టినా. మళ్లీసారి రాద్దామంటే అప్పటికి నిజంగానే వయసు మీరిపోతాది."

హనుమక్క కొడుకు వెనకాలే నేల చూస్తూ నిలబడింది. అయ్యవారు సమన్ల కాగితం మళ్లీ మడతపెట్టారు.

ఆ కాలంలో పల్లెల్లో పుట్టిన తేదీ ఎవరికి గుర్తు? బళ్లో వేసుకోవాలంటే ఒకటే పరీక్ష. పిల్లవాడు కుడిచెయ్యి నెత్తిమీదుగా పోనిచ్చి ఎడమ చెవి పట్టుకోవాలి. చెవి అందితే అయిదేళ్లు నిండినట్టు. అందకపోతే మరుసటేడు రమ్మనేవారు. అందినవాడికి అయిదేళ్లు వెనక్కి లెక్కగట్టి, జూలై ఒకటి అని వేసేవారు. అట్లా ఊళ్లో సగం మంది ఒకే రోజున పుట్టారు.

ముప్పైఅయిదులో హనుమక్క యేసేపును తెచ్చి నిలబెట్టింది. వాడికి నాలుగేళ్లు కూడా లేవని చూడగానే తెలిసింది. చెవి పట్టుకోమంటే వాడు మెడను భుజం మీదికి వాల్చేసి, వేలి కొనతో చెవి తాకించాడు. తల నిలువుగా పెట్టమని ఒక్క మాట అంటే సరిపోయేది. అయ్యవారు ఆ మాట అనలేదు. కిటికీ వైపు తిరిగి, కలం సిరాలో ముంచి, 1-7-1930 అని ముత్యాల్లాంటి అక్షరాలతో రాసేశారు.

ఇప్పుడు బోనెక్కి ఆ సంగతి చెప్పాలి. తెలిసే తప్పు రాశానంటే పరువేమవుతుంది? ముదిమి వయసులో ముఖాన మసి పూసుకోవడం కాదూ?

"మీ మసి కడిగితే పోతుంది. వాడి ఉద్యోగం పోతే మళ్లీ వస్తుందా?" అంది ఆయన భార్య అన్నపూర్ణ, మజ్జిగ గ్లాసు చేతికిస్తూ. ఆమె ఎప్పుడూ అంతే, పాము చావకుండా కర్ర విరగకుండా మాట్లాడడం ఆమెకు చేతకాదు.

ఆదోని కోర్టు ముందు పత్తిబండ్లు బారులు తీరి ఉన్నాయి. లోపల సర్కారు వకీలు సూటిగా అడిగాడు. "చెవి పరీక్ష అందరికీ ఒకటే గదా. ఈ ఒక్కడి విషయంలోనే పొరపాటు జరిగిందని ఎట్లా అంటారు?"

అయ్యవారు యేసేపు వైపు చూశారు. వాడు గోడకు అంటుకుపోయి నిలబడ్డాడు. పక్కన హనుమక్క పైటకొంగు నోట్లో కుక్కుకుని కూర్చుంది.

"పిల్లవాడు మెడ వంచాడండి. నేను చూశాను."

"చూసి కూడా రాశారా?"

"చూసే రాశాను. తల్లి కలుపుకు పోవాలి. వీణ్ని గట్టు మీద ఎండలో పడుకోబెట్టి పోయేది. బళ్లో ఉంటే నీడపట్టున ఉంటాడనుకున్నాను. ఆ అంకె వాడి మెడకే చుట్టుకుంటుందని నాకప్పుడు తోచలేదు."

జడ్జిగారు కళ్లజోడు తీశారు. "ఎంత వంచాడో చూపండి."

అయ్యవారు బట్టతల మీదుగా చెయ్యి పోనిచ్చి, మెడ వాల్చి, చెవి పట్టుకున్నారు. కోర్టంతా గొల్లున నవ్వింది. అప్పుడు చూస్తే సర్కారు వకీలు చెయ్యి కూడా సగం దూరం లేచి ఉంది.

"నేను పుట్టిందీ జూలై ఒకటినే," అన్నారు జడ్జిగారు.

భోజనాల తర్వాత తీర్పు చెప్పారు. బిడ్డ పుట్టిన నెలలోనే రాసిన పాదిరిగారి పుస్తకమే నమ్మదగ్గదనీ, యేసేపుకు వయసు మీరలేదనీ, పక్కన పెట్టిన పేరు జాబితాలో చేర్చాలనీ అన్నారు. అయ్యవారు తన వంతు చీవాట్ల కోసం తల దించుకుని నిలబడ్డారు. అవి రానే లేదు. గుండెల మీది బండరాయి ఎవరో ఎత్తి పక్కన పెట్టినట్టయింది.

సాయంత్రం ఎమ్మిగనూరు బస్సులో హనుమక్క వెనక సీట్లోంచి ముందుకు వంగింది.

"అయ్యవారూ, ఒకటి సెప్తా. వారం దినాలు ఇంట్లో వానికి మెడ వంచేది నేర్పించిందే నేను. ఆ పొద్దు మీరు సూసినారు. సూసి కిటికీ తట్టు తిరుక్కున్నారు. అది నేనూ సూసినా."

అయ్యవారు నోరు వెళ్లబెట్టారు. "ఇన్నేండ్లూ చెప్పలేదేం హనుమక్కా?"

"మీ పుస్తకంలో ఒక్క కొట్టివేత ల్యాదని ఊరంతా సెప్పుకుంటాండ్రి. నేను సెప్తే కొట్టెయ్యాల్సొస్తాది గదా. ఈ పొద్దు మాత్రం మీరు ఇంగ రొంతసేపు ఊరకున్నింటే, నేనే లేసి సెప్తాంటి."

యేసేపు పగలబడి నవ్వాడు. అయ్యవారికీ నవ్వాగలేదు, కళ్లలో నీళ్లొచ్చేదాకా నవ్వారు.

"ఒరే యేసేపూ, రేపు నాతో బడికి రా," అన్నారు కళ్లు తుడుచుకుంటూ. "ఆ అంకె నా చేత్తో నేనే కొట్టేస్తానని హెడ్మాస్టరును అడుగుదాం."